పెద్ద రింగుల చేతి ప్రెస్సు: బరంపురం షామియానాకు పనికొస్తుందా?

అందరికీ నమస్కారం. ముందే ఒక సంగతి చెప్పుకోవాలి. నా బల్ల మీద కనిపిస్తున్న, గుడ్డకు లోహపు రింగులు బిగించే ఈ చేతి ప్రెస్సును తయారీదారులు ఉచితంగా పంపించారు. డబ్బు ఇవ్వలేదు, వీడియోను ముందుగా చూపించమని అడగనూ లేదు. దీని బరువు, పిడి పొడవు, పెట్టెలో వచ్చే అచ్చుల లెక్క మీరు ఆన్‌లైన్‌లో చూసే ఉంటారు కనుక వాటిని నేను మళ్ళీ వల్లించను. బరంపురంలోని మా దుకాణంలో ఇరవై రోజులుగా కర్టెన్లకూ, షామియానాలకూ, బరకాలకూ దీనితోనే రింగులు వేస్తున్నాను.

తాడు దూరేంత చిన్న లోహపు కన్ను, అంటే ఐలెట్ వేయడం వేరు, పెద్ద రింగు వేయడం వేరు. పెద్ద రింగులో గొట్టం ఉన్న ముక్క ఒకటి, వాషర్ ఒకటి ఉంటాయి. గొట్టాన్ని గుడ్డలోని రంధ్రం గుండా దూర్చి, వెనుక నుంచి వాషర్ తొడిగి, ఆ గొట్టం అంచు నలువైపులా సమంగా విప్పారి వాషర్ మీదికి మడుచుకునేలా నొక్కాలి. మా నాన్నగారు 12 మిల్లీమీటర్ల ఇత్తడి రింగులను చింత మొద్దు మీద దిమ్మె పెట్టి, బరువైన సుత్తితో రెండే దెబ్బల్లో వేసేవారు. కర్టెన్లకు వాడే 40 మిల్లీమీటర్ల రింగు దగ్గర మాత్రం ఆయన సుత్తి కూడా తడబడేది. సుత్తి దెబ్బను రింగుకు అందించే పంచ్ ఒక వెంట్రుకవాసి పక్కకు వాలినా ఒక వైపు అంచు ముందే మడుచుకుని, రెండో వైపు చీలిపోయేది. నేను నేర్చుకుంటున్న రోజుల్లో అలా ఎన్ని రింగులు పారేశానో లెక్కలేదు.

ఈ ప్రెస్సు పిడిని ఒక్కసారి కిందికి లాగితే చుట్టూ ఒకేసారి ఒత్తిడి పడుతుంది. ఇరవై రోజుల్లో ఒక్క అంచు కూడా చీలలేదు. సుత్తి చప్పుడు లేదు కనుక మధ్యాహ్నం వేళ పక్కింటివారి నిద్ర కూడా చెడలేదు. ఇంతవరకూ చెప్పి ఆపివేస్తే పంపినవారు ఎంతో సంతోషించేవారు.

కానీ ఈ కట్టర్ సంగతి చెప్పకుండా నేను ఆగలేను. దయచేసి దగ్గరగా చూడండి. ఈ రింగు గొట్టం వెలుపలి కొలత 42 మిల్లీమీటర్లు. వాళ్ళు ఇచ్చిన కట్టర్ కోసే రంధ్రం 44 మిల్లీమీటర్లు. అంటే గొట్టం చుట్టూ గుడ్డకు ఒక మిల్లీమీటరు ఖాళీ మిగిలిపోతోంది. నిజానికి రంధ్రం గొట్టం కంటే కొంచెం చిన్నదిగా ఉండాలి. గుడ్డను వేళ్ళతో సాగదీసి తొడిగితే, అది గొట్టాన్ని పిడికిలితో పట్టినట్లు పట్టుకుంటుంది. ఖాళీ ఉన్నచోట వాషర్ నొక్కుడు ఒక్కటే ఆధారం అవుతుంది. తాడు రోజంతా ఒకే వైపుకు లాగుతూ ఉంటే, కోసిన అంచులోని పోగులు ఒక్కొక్కటిగా జారి, గుండ్రటి రంధ్రం కాస్తా నిమ్మకాయ ఆకారానికి వస్తుంది, ఆపైన రింగు ఊడి చేతికి వస్తుంది.

ఇది నేను ఊహించి చెబుతున్న మాట కాదు. 2013 అక్టోబరు 12న ఫైలిన్ తుపాను గోపాల్‌పూర్ దగ్గర తీరం దాటిన తరువాత మా దుకాణానికి మరమ్మతుకు వచ్చిన బరకాల్లో చాలావాటికి గుడ్డ చక్కగానే ఉంది, రింగులే లేవు. అంత గాలికి ఏ రింగూ నిలవదని వాదించవచ్చు. అయితే వాటి పక్కనే, మూలలకు అదనపు పట్టీ వేసి రంధ్రం బిగుతుగా కోసిన పాత బరకాల్లో తాళ్ళు తెగాయి గాని రింగులు కదలలేదు. అప్పటి నుంచి రింగు వేసిన ప్రతిసారీ బొటనవేలితో పట్టి తిప్పి చూడడం నాకు అలవాటయింది. తిరిగితే ఆ పని చెడినట్లే. ఈ కట్టర్‌తో కోసి వేసిన పది రింగుల్లో ఏడు తిరిగాయి.

కర్టెన్లకు ఈ లోపం పెద్దగా తెలియదు, ఎందుకంటే అక్కడ బరువు తక్కువ, పైగా పై మడతలో బక్రం అనే గట్టి గుడ్డ పట్టీ ఉంటుంది. కర్టెన్ కుట్టించుకునేవారు రింగుల లెక్క సరిసంఖ్యలో ఉండేలా చూసుకోండి, అప్పుడే రెండు చివరలూ గోడ వైపుకు తిరుగుతాయి. మొన్న ఒకరు తొమ్మిదే చాలని పట్టుబట్టి, వారం తిరగకముందే పదోది వేయించుకోవడానికి తిరిగి వచ్చారు.

పెట్టెతో వచ్చిన రింగులు కూడా నాకు నచ్చలేదు. అయస్కాంతం పెడితే అతుక్కుంటున్నాయి, అంటే లోపల ఇనుము, పైన నికెల్ పూత. సముద్రం ఇక్కడికి 15 కిలోమీటర్ల పైచిలుకు దూరమే కనుక, ఆరుబయట కట్టే గుడ్డకు నేను ఇత్తడి తప్ప మరొకటి వేయను. షామియానాకైతే పళ్ళున్న వాషర్ తీసుకోండి, ఆ పళ్ళు గుడ్డలోకి దిగి రింగును తిరగనివ్వవు.

కట్టర్ గురించి ఫోను చేసి అడిగితే, అన్ని పెట్టెల్లోనూ అదే కొలత వస్తుందని చెప్పారు. ఆ జవాబు విన్న తరువాత, ఇంత చక్కటి ప్రెస్సును కూడా పెట్టెతో సహా కొనమని మీకు చెప్పడానికి నాకు మనసు రావడం లేదు. ప్రెస్సు ఒక్కటే విడిగా అమ్మితే నిస్సంకోచంగా తీసుకోండి. మా ఊరి అమ్మవారి జాతర ఠాకురాణి యాత్రకు కుడుతున్న షామియానా ఇదిగో, ఇక్కడ ఉంది. దీని రంధ్రాలను చింత మొద్దు మీద నాన్నగారి పాత పంచ్‌తో కోశాను, ఇత్తడి రింగులను ఈ ప్రెస్సుతో నొక్కాను. కట్టర్ మాత్రం సొరుగులో ఉంది.