పరిశీలించడమైనది

శ్రోతలకు నమస్కారం.

నాతో పనిచేసిన ఒక టీచరుగారి సంగతి చెబుతాను. ఒక విచారణ తర్వాత డీఈవో ఆయనకు రెండు ఇంక్రిమెంట్లు కట్ చేశారు. ఆయన మూడు రాత్రులు కూర్చుని, డీఈవోకు పై అధికారి అయిన ఆర్జేడీగారికి, అంటే విద్యాశాఖ రీజినల్ జాయింట్ డైరెక్టరుగారికి, నాలుగు పేజీల అప్పీలు రాశారు. ఆరోపణ వచ్చిన రోజు తాను బడిలోనే ఉన్నానంటూ హాజరు పట్టీ నకలు కూడా జతచేశారు. ఏడు నెలలకు జవాబొచ్చింది: "మీ అప్పీలును పరిశీలించడమైనది. తిరస్కరించడమైనది." అంతే! ఆ కాగితం నా చేతికిచ్చి, "మాస్టారూ, ఆ హాజరు పట్టీ అసలు ఎవరైనా చూశారంటారా?" అని అడిగారు.

న్యాయమైన ప్రశ్న. ఉద్యోగుల క్రమశిక్షణకు సంబంధించి మనకు 1991 నాటి సీసీఏ నియమాలు, అంటే వర్గీకరణ, నియంత్రణ, అప్పీలు నియమాలున్నాయి. శిక్ష ఉత్తర్వు అందిన 3 నెలల్లోపు అప్పీలు చేసుకోవాలి. ఆ అప్పీలు చూసే అధికారి విచారణ పద్ధతి ప్రకారమే జరిగిందా, సాక్ష్యాలతో ఆరోపణ రుజువైందా, శిక్ష తప్పుకు మించిపోయిందా అని చూసి తీరాలి. చూశానని రాస్తే సరిపోదు.

1986లో ఒక రైల్వే ఉద్యోగి కేసులో సుప్రీంకోర్టు ఈ మాటే చెప్పింది. అక్కడ రైల్వే బోర్డు, నియమంలోని పదాలనే తిప్పి రాసి, ఆ ఉద్యోగి అప్పీలు కొట్టేసింది. అలా రాస్తే పరిశీలించినట్టు కాదని, ఉద్యోగి వాదన విని, కారణాలతో ఉత్తర్వు ఇవ్వాలని కోర్టు తేల్చింది. లాయర్లు దీన్నే స్పీకింగ్ ఆర్డర్ అంటారు. అంతకుముందే, 1977 డిసెంబరులో, ఒక ఎన్నికల కేసులో ఇంకో సంగతి స్పష్టమైంది. ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత కోర్టులో అఫిడవిట్ వేసి చేర్చడం కుదరదు. నా దృష్టిలో మామూలు ఉద్యోగికి ఇంతకంటే గట్టి అండ లేదు.

అయితే హైకోర్టుకెళ్తే ఇంక్రిమెంట్లు వెంటనే తిరిగొస్తాయని చాలామంది ఆశపడతారు. రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద రిట్ పిటిషన్ వేస్తే హైకోర్టు సాధారణంగా సాక్ష్యాలను మళ్లీ తూకం వెయ్యదు. అప్పీలు అధికారి తన పని తాను చేశారా లేదా అన్నదే ప్రధానంగా చూస్తుంది. చెయ్యకపోతే ఆ ఉత్తర్వు రద్దుచేసి, మళ్లీ విని ఇన్ని వారాల్లోగా తేల్చమని గడువు పెడుతుంది. గడువు దాటితే కోర్టు ధిక్కారం కేసు వెయ్యొచ్చు. దానికి 6 నెలల వరకు జైలు శిక్ష పడొచ్చు. అందుకే అంతవరకు కదలని ఫైలు కూడా కదులుతుంది.

మా టీచరుగారికీ అలాగే జరిగింది. హైకోర్టు ఫైలు వెనక్కి పంపాక ఆయన్ని ఆఫీసుకు పిలిచారు, కూర్చోబెట్టి విన్నారు. ఈసారి ఉత్తర్వు రెండున్నర పేజీలొచ్చింది. రెండు ఇంక్రిమెంట్ల కోత ఒకటైంది. ఆ ఒక్కటీ ఎందుకు ఉంచారో కూడా రాశారు. ఆయన మాత్రం ముందు మూడో పేరా తీసి నాకు చూపించారు. అందులో హాజరు పట్టీ గురించి ఉంది.