రివ్యూ రాసేవాడికి జీతం ఎవరిస్తారు?

నమస్కారమండీ. సినిమా చూసి బాగుందో లేదో చెప్పే పనికి జీతం ఎవరిస్తారు? ఏ పెళ్లికి వెళ్లినా మా బాబాయి నన్ను అడిగేది ఇదే. జవాబు కోసం 1992కి వెళ్దాం.

[తెర మీద: నల్లటి మానిటర్, ఆకుపచ్చ అక్షరాలు]

అప్పటికి వెబ్‌సైట్ అన్న మాటే మామూలు జనానికి తెలియదు. బొమ్మలు చూపించే మొజాయిక్ బ్రౌజర్ ఇంకో ఏడాదికి గానీ రాలేదు. ఉన్నది యూజ్‌నెట్. రచ్చబండ లాంటిదే, కాకపోతే కబుర్లన్నీ టైపు చేయాలి. అందులో సినిమా రివ్యూలకే ఒక గ్రూపు ఉండేది. మనం రాసి పంపితే, ఆ గ్రూపుని చూసుకునేవాళ్లు చదివి అందులో వేసేవాళ్లు. పైసా రాదు.

అలా మొదలైనవాడు జేమ్స్ బెరార్డినెల్లి. న్యూజెర్సీలో పుట్టాడు, పెన్సిల్వేనియా యూనివర్సిటీలో ఎలక్ట్రికల్ ఇంజనీరింగ్ చదివాడు. పగలు ఉద్యోగం, మిగిలిన టైమంతా సినిమాలు. 1996లో రీల్‌వ్యూస్ పేరుతో సొంత సైట్ పెట్టుకుని, వేల రివ్యూలు రాశాడు. వందలు కాదండీ, వేలు. నాకు పది రాసేసరికి విశేషణాలు అయిపోతాయి.

[తెర మీద: పాత వార్తాపత్రిక, పక్కన కంప్యూటర్]

పేరున్న విమర్శకులంటే అప్పట్లో పత్రికల వాళ్లే. రోజర్ ఎబర్ట్‌నే చూడండి. 1967 నుంచి షికాగో సన్-టైమ్స్‌లో సినిమా విమర్శకుడు, 1975లో అమెరికా పత్రికా రచనలో పెద్ద గౌరవమైన పులిట్జర్ బహుమతి. నెట్‌లో రాసేవాళ్లకు అంత లెక్క ఉండేది కాదు. అలాంటిది, 2003లో బెరార్డినెల్లి రివ్యూలు పుస్తకంగా వస్తే, ముందుమాట రాసింది ఎబర్టే!

నాకు ఆసక్తిగా అనిపించేది మాత్రం ఆ ముందుమాట కాదు, ఆ ఇంజనీరు ఉద్యోగం. ఎబర్ట్ జీతం పత్రిక ఇచ్చింది. బెరార్డినెల్లికి ఇల్లు గడవడానికి వేరే సంపాదన ఉంది. ఒక సినిమా చెత్తగా ఉందని రాసినంత మాత్రాన ఇద్దరికీ కరెంటు బిల్లు కట్టడం కష్టం కాలేదు.

ఇప్పుడు మన దగ్గరికొద్దాం.

[తెర మీద: 2.75 అంకె పెద్దగా]

1999లో ఐడిల్‌బ్రెయిన్ అనే సినిమా సైట్ వచ్చినప్పటి నుంచి తెలుగు సినిమాకు నెట్‌లో రివ్యూలు అలవాటయ్యాయి. అమెరికాలో ప్రీమియర్ షో పడితే, ఇక్కడ మనం పళ్లు తోముకునేలోపు రిపోర్టు రెడీ. రేటింగ్ అయిదుకి ఇంత అని. పావులు కూడా ఉంటాయి. 2.75కీ 3కీ మధ్య ఆ పావులో ఏముంటుందో ఇన్నేళ్లయినా నాకు అర్థం కాలేదు, కానీ దాని కోసం అభిమానులు కొట్టుకుంటారు.

మరి డబ్బు? ఉచితంగా చదివే సైట్ బతకాలంటే ప్రకటనలు కావాలి. సినిమా సైట్‌కి ప్రకటన ఇచ్చేది ఎక్కువగా ఎవరు? సినిమా తీసినవాళ్లే. శుక్రవారం ఎవరి సినిమా గురించి రాయాలో, ఆ వారమంతా పేజీ పైన బ్యానర్ వాళ్లదే. అందరూ అమ్ముడుపోతారని నేననను. కానీ రాసేటప్పుడు చెయ్యి కాస్త వణుకుతుంది కదా.

యూట్యూబ్ అయితే ఈ గొడవ ఉండదనుకుంటారు. అక్కడ ఇంకో తంటా. వెయ్యి మంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో 4,000 గంటల వ్యూయింగ్ దాటితే (షార్ట్స్‌కి లెక్క వేరు) వీడియోల మీద వచ్చే ప్రకటనల డబ్బులో 55 శాతం మనది. ఈలోపు ట్రైలర్‌లోంచి పాట ముక్క వాడామా, కాపీరైట్ క్లెయిమ్ పడి, ఆ వీడియో సంపాదన పాట హక్కులున్నవాళ్లకు పోవచ్చు. రిలీజ్ రోజు దాటితే చూసేవాళ్లు తగ్గిపోతారు కాబట్టి, ఇంటర్వెల్‌లోనే థంబ్‌నెయిల్ తయారు. రెండో సగం చూసి మనసు మారితే? థంబ్‌నెయిల్ మారదు.

[తెర మీద: పెళ్లి భోజనాల బంతి]

మొన్న పెళ్లిలో బాబాయి మళ్లీ పట్టుకున్నాడు. "ఇంతకీ ఆ రివ్యూల మీద ఎంతొస్తుందిరా?"

"రేపు పొద్దున్నే ఆఫీసు మీటింగ్ ఉంది బాబాయ్" అని చెయ్యి కడుక్కోవడానికి లేచాను.