క్లైమాక్స్ మార్చాలంటే ఎవరి పర్మిట్ కావాలి? – స్టూడియో చర్చ, పూర్తి పాఠం

వ్యాఖ్యాత: నమస్కారం. 2025 ఆగస్టు 1న తమిళంలో 'అంబికాపతి' మళ్లీ విడుదలైంది. 2013 నాటి హిందీ 'రాంఝణా'కి అది డబ్బింగ్. అప్పుడు చివర్లో చనిపోయిన హీరో ఈసారి ఏఐ మాయతో ఆస్పత్రి మంచం మీద కళ్లు తెరిచాడు. దర్శకుడు ఆనంద్ ఎల్. రాయ్, హీరో ధనుష్ ఇద్దరూ మండిపడ్డారు. కథకు ఇలా మంత్రం వేయాలంటే పర్మిట్ ఉండాలా? నిర్మాత, న్యాయవాది, ఎడిటర్ మనతో ఉన్నారు. ముగ్గురికీ సమాన సమయం. నిర్మాత గారూ, విషాదం మన ప్రేక్షకుడికి పడదు కదా, అందుకే మార్చారంటారా?

నిర్మాత: పడటం, పడకపోవడం తర్వాతండీ. సినిమా ఎవరిది? డబ్బు పెట్టినవాడిది. కాపీరైట్ చట్టం 1957, సెక్షన్ 2(డి) తీయండి. సినిమాకి కర్త నిర్మాతే అని రాసుంది. దర్శకుడి ఊసే లేదు. ఇంక పర్మిట్ ఎవర్నడగాలి, నన్ను నేనా?

న్యాయవాది: అది నిజమే, కానీ సెక్షన్ 57...

నిర్మాత: ఉండండి మేడమ్, కోట్లు పెట్టేవాడి...

న్యాయవాది: పూర్తి చేయనివ్వండి సార్. హక్కులు అమ్మేసుకున్నా, తన పరువు పోయేలా రచనను వక్రీకరిస్తే అడ్డుకునే హక్కు రచయితకు 57 ఇస్తుంది. 1986లో హిందీ రచయిత్రి మన్నూ భండారీ కేసులో ఢిల్లీ హైకోర్టు, కాంట్రాక్టు మీద 57దే పైచేయి అంది. దర్శకుడికి దారి ఇరుకే, ఒప్పుకుంటాను. స్క్రిప్టు రాసినవాళ్లకు మాత్రం ఆధారం ఉంది. నటుడికి విడిగా అలాంటి హక్కే ఇస్తూ 2012 సవరణలో సెక్షన్ 38బి వచ్చింది.

నిర్మాత: ఎడిటింగ్ కోసం తీసేస్తే తప్పులేదని ఆ 38బిలోనే ఉంది!

న్యాయవాది: తీసేస్తే అని ఉంది. నటించని ముక్క తెచ్చి అతికించొచ్చని లేదు.

వ్యాఖ్యాత: అంటే విషాదం తీసేస్తే చట్టానికి అభ్యంతరం లేదన్నమాట!

న్యాయవాది: నేనలా అన్లేదండీ.

వ్యాఖ్యాత: సరే. ఎడిటర్ గారూ, అసలు ఇలాంటి మార్పు ఎలా చేస్తారు? టూకీగా.

ఎడిటర్: టూకీగా కుదరదు. ముందు మాస్టర్, అంటే మూల ప్రతి నుంచి ఆ సీను ఫ్రేములు బయటికి తీయాలి. సెకనుకు 24, అంటే నిమిషం మార్చాలంటే 1,440 ఫ్రేములు. ఏఐ ఒక దఫాలో ఇచ్చేది కొన్ని సెకన్లే. ముక్కముక్కకీ ముఖం కాస్త తేడా వస్తుంది. అందుకని పాత షాటునే ఉంచి కళ్లు, పెదాలు, చేతులు వరకే మాస్క్ చేసి మార్చడం మేలు. ఆ పైన గ్రెయిన్, అంటే ఫిల్ము మీది సన్నటి నలుసులు కలపాలి, లేకపోతే అతుకు చోట చర్మం నున్నగా తేలిపోతుంది. థియేటర్‌కు వెళ్లే డిజిటల్ కాపీ, అంటే డీసీపీ, 12 బిట్; ఏఐ వీడియో ఎక్కువగా 8 బిట్, రంగు ఛాయలు తక్కువ. చీకటి గోడల మీద చారలు పడతాయి.

నిర్మాత: ఫోన్లో చూసేవాడికి చారలేం కనపడతాయండీ!

ఎడిటర్: ఆడింది థియేటర్లో కదా సార్. శబ్దం దగ్గర ఇంకా తంటా. మాట, సంగీతం, ఎఫెక్టులు వేర్వేరు ట్రాకులుగా దొరికితే సరే. కలిపేసిన మిక్స్ ఒక్కటే మిగిలితే, మాట తీయబోతే వయొలిన్ సగం దాంతోపాటే పోతుంది. పోనీ ట్రాకులు దొరికాయే అనుకోండి, చావుకని కట్టిన నేపథ్య సంగీతం బతికినవాడి మీద మోగుతుంది.

వ్యాఖ్యాత: అదే నేననేది. విషాదం అనేది మనకు మొదట్నుంచీ...

నిర్మాత: మాయాబజార్ సంగతి చెప్పండి! 1957 నాటి నలుపు తెలుపు సినిమా. 2010లో రంగులేసి వదిలితే జనం చప్పట్లు కొట్టి చూశారు. నిడివీ తగ్గించారు. కె.వి. రెడ్డి గారు అప్పటికే లేరు, ఎవరి పర్మిట్ అడిగారు? టీవీ వాళ్లు రోజూ కల పాటలు లేపేస్తున్నారు, దానికో?

న్యాయవాది: రంగులకూ నిబంధన ఉంది సార్. 1983 సర్టిఫికేషన్ నిబంధనల్లో 33వది. సర్టిఫికెట్ వచ్చాక కోసినా, కలిపినా, రంగేసినా, ఫారం 3లో సెన్సార్ బోర్డుకు తెలిపి సర్టిఫికెట్ మీద రాయించుకోవాలి. 2024లో వాటి స్థానంలో కొత్తవి వచ్చాయి. అంటే పర్మిట్ పద్ధతి పాతదే. లోపం మరోచోట ఉంది. సినిమాటోగ్రాఫ్ చట్టం సెక్షన్ 5బి ప్రకారం బోర్డు చూసేది దేశ భద్రత, శాంతిభద్రతలు, సభ్యత, పరువునష్టం వగైరా. హీరో బతికితే వీటిలో దేనికి లోటు? తీసినవాళ్లు ఒప్పుకున్నారా లేదా అన్న ప్రశ్నే అక్కడ రాదు.

నిర్మాత: విన్నారా! తీసినవాడి సమ్మతి అక్కర్లేదని మేడమే చెప్పారు!

న్యాయవాది: అక్కర్లేదనలేదు, అడగడం లేదన్నాను...

(ముగ్గురూ ఒకేసారి, కొంత అస్పష్టం)

వ్యాఖ్యాత: ఒక్క నిమిషం. సంస్కృత నాటకాల్లో శుభాంతమే కదా. ధర్మవరం రామకృష్ణమాచార్యులు గారు 'విషాద సారంగధర' రాసేదాకా మనకు...

ఎడిటర్: రాశారు కదండీ, జనం చూశారు కూడా. 1978లో 'మరో చరిత్ర' చివర ఇద్దరూ చనిపోతారు. ఆడలేదా? 1981లో హిందీలో తీసినా అదే ముగింపు, అదీ ఆడింది.

వ్యాఖ్యాత: అవి మినహాయింపులు.

ఎడిటర్: సరే, అడగాల్సింది వేరే. మార్చిన ప్రింటుకు వేరే పేరు పెట్టాలి. పోస్టర్ మీదా, మొదటి కార్డు మీదా 'ముగింపు ఏఐతో మార్చాం' అని ఉండాలి. పాత మాస్టర్ చెరపకూడదు. ఇవి మూడూ కాంట్రాక్టులోనే రాసుకుంటే...

నిర్మాత: కార్డు వేస్తానండీ, ఎండ్ టైటిల్స్‌లో వేస్తాను!

ఎడిటర్: టికెట్ కొన్నాక చెప్పి ఏం లాభం?

వ్యాఖ్యాత: సమయం అయిపోయింది. నిర్మాత గారూ, ముప్పై సెకన్లు.

నిర్మాత: ముప్పై చాలవు. సినిమాకి కర్త నిర్మాతే. మళ్లీ చెప్తున్నాను, సెక్షన్ 2(డి)...

న్యాయవాది: నాకూ ముప్పై ఇవ్వాలి కదా!

వ్యాఖ్యాత: మేడమ్, వచ్చే వారం తప్పకుండా. బ్రేక్.