నల్లగొండ నుంచి లోక్‌సభకు

శ్రోతలకు నమస్కారం. లోక్‌సభలో తెలుగువారికి దక్కిన స్థానాల గురించి నాలుగు మాటలు చెప్పదలచాను. ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన మరుసటి ఏడు, అంటే 1957లో, 494 స్థానాల సభలో మన రాష్ట్రానికి 43 ఉండేవి. 1967 నాటికి అవి 41కి తగ్గి, 1977లో 42 అయ్యాయి. ఆ 42 స్థానాలే 2014లో ఆంధ్రప్రదేశ్‌కు 25, తెలంగాణకు 17గా పంపకమయ్యాయి. సభ 543 స్థానాలకు పెరిగిన తరువాత ఒకనాటి మన వాటా నిలవలేదు. అంకెలను ఇక్కడితో ఆపుతాను. ఎందుకంటే, ఎన్ని స్థానాలు అన్నది ఎంత ముఖ్యమో, వాటి సరిహద్దు గీత ఏ ఊరి పక్కనుంచి పోయిందన్నదీ అంతే ముఖ్యమని నా గట్టి నమ్మకం. అందుకు నల్లగొండ చరిత్రే సాక్ష్యం.

మొదటి సాధారణ ఎన్నికల నాటికి నల్లగొండ హైదరాబాదు రాష్ట్రంలో ఉండేది. అది ద్విసభ్య నియోజకవర్గం. ఒక జనరల్ స్థానం, ఒక షెడ్యూల్డు కులాల స్థానం, ఓటరుకు రెండు ఓట్లు. ఒక్కో అభ్యర్థికి ఒక్కో పెట్టె, పెట్టె మీద గుర్తు. బ్యాలెట్ చీటీ మీద ముద్ర వేసే పని లేదు, నచ్చిన గుర్తున్న పెట్టెలో దాన్ని వేస్తే చాలు. సాయుధ పోరాట విరమణ జరిగి అప్పటికి కొన్ని నెలలే అయింది. ఆ రాష్ట్రంలో కమ్యూనిస్టు పార్టీపై నిషేధం ఉన్నందున, ఆ నాయకులు పీపుల్స్ డెమొక్రటిక్ ఫ్రంట్ పేరుతో నిలబడ్డారు. ఫలితాలు వచ్చేసరికి రావి నారాయణరెడ్డిగారికి మూడు లక్షలకు పైగా ఓట్లు పడ్డాయి. దేశంలో మరెవరికీ అన్ని ఓట్లు రాలేదు. ద్విసభ్య స్థానంలోనే పోటీ చేసిన ప్రధాని నెహ్రూకు సైతం రాలేదు. నారాయణరెడ్డిగారితో పాటు ఫ్రంట్ తరఫునే సుంకం అచ్చాలుగారు రెండో సభ్యుడిగా గెలిచారు. ఒకే ఊరికి ఇద్దరు సభ్యులు, ఊరివారు ఎవరి గుమ్మమైనా ఎక్కవచ్చు: ఆ ఏర్పాటులో నాకెంతో నచ్చిన సంగతి ఇది.

1961లో ద్విసభ్య స్థానాలను చట్టం ద్వారా రద్దు చేశారు. గీత మారింది. 1962లో నల్లగొండ, మిర్యాలగూడ వేర్వేరు స్థానాలయ్యాయి. నారాయణరెడ్డిగారు నల్లగొండ నుంచి మళ్లీ గెలిచారు. 2008లో నియోజకవర్గాల పునర్విభజనతో గీత మరోసారి మారింది. మిర్యాలగూడ లోక్‌సభ స్థానం లేకుండా పోయి, భువనగిరి కొత్తగా వచ్చింది. అప్పటి రంగారెడ్డి జిల్లాలోని ఇబ్రహీంపట్నం, వరంగల్ జిల్లాలోని జనగామ అందులో చేరాయి. నారాయణరెడ్డిగారి సొంత ఊరు బొల్లేపల్లి కూడా నేడు నల్లగొండ స్థానంలో లేదు, భువనగిరిలో ఉంది. హైదరాబాదు పొలిమేరలోని ఇబ్రహీంపట్నం కష్టాలు వేరు, జనగామ మెట్ట రైతు కష్టాలు వేరు. రెండింటినీ ఢిల్లీలో వినిపించవలసిన గొంతు మాత్రం ఒక్కటే.

రాష్ట్రాల మధ్య స్థానాల పంపకాన్ని 1976లో 42వ రాజ్యాంగ సవరణ స్తంభింపజేసింది. 2001లో 84వ సవరణ ఆ స్తంభనను 2026 తరువాత జరిగే మొదటి జనగణన వరకు పొడిగించింది. ఆ తరువాత జనాభా లెక్కన మళ్లీ పంచితే మన వాటా ఏమవుతుందన్న ఆందోళన అందరిలోనూ ఉంది, ఉండవలసిందే. అయితే వాటా సంగతి పార్టీలు మాట్లాడతాయి. గీత సంగతి ఊరివారే మాట్లాడాలి.

గత పునర్విభజనకు ఆధారమైన 2002 చట్టం అందుకు అవకాశమిచ్చింది. పునర్విభజన కమిషన్ తన ప్రతిపాదనలను ముందుగా గెజిట్‌లో ప్రకటించి, అభ్యంతరాలకు ఒక తేదీ పెట్టి, బహిరంగ విచారణ జరపాలి. తుది ఉత్తర్వు వెలువడ్డాక మాత్రం దాన్ని ఏ కోర్టులోనూ ప్రశ్నించరాదని ఆ చట్టం చెప్పింది. కాబట్టి రేపటి పునర్విభజనకు ముసాయిదా వచ్చిన రోజునే మీ మండలం ఏ స్థానంలో పడిందో చూడండి. అభ్యంతరం ఉంటే గ్రామసభలో చర్చించి, ఊళ్ల పేర్లు, జనాభా, మీరు నిత్యం పనుల మీద వెళ్లే పట్టణం, అక్కడికి దారి, దూరం స్పష్టంగా రాసి, గడువులోగా కమిషన్‌కు పంపండి. ఒక నకలు మీ దగ్గర ఉంచుకొని, విచారణ రోజున ఊరి తరఫున ఇద్దరైనా హాజరు కండి.