విగ్రహం కింద రాసిన మాట

అందరికీ నమస్కారం. వేదిక మీదున్న పెద్దల పేర్లు ఇప్పటికే రెండుసార్లు విన్నారు, మూడోసారి నేను చదవను. పిల్లల చూపంతా ఆ ట్రోఫీల బల్ల మీదే ఉంది, అది కూడా కనిపిస్తోంది.

‘ఆటలు, క్రమశిక్షణ’ గురించి పది నిమిషాలు మాట్లాడమన్నారు. డాలస్‌లో ఉంటూ, బాస్కెట్‌బాల్ ఆడే పిల్లల ముందు నిలబడి, డిర్క్ నోవిట్స్కీ పేరెత్తకుండా ఆ మాట ఎలా మాట్లాడను? 21 సీజన్లు. ఒకే జట్టు, మన డాలస్ మావరిక్స్. అమెరికా బాస్కెట్‌బాల్ లీగ్ ఎన్‌బీఏలో ఇంకెవరూ ఒకే జట్టుకు అన్ని సీజన్లు ఆడలేదు.

పిల్లలూ, మీరు చూసింది ఆయన విగ్రహాన్ని. మేము చూసింది 1998లో జర్మనీలోని వుర్ట్స్‌బుర్గ్ నుంచి వచ్చిన ఇరవై ఏళ్ల సన్నటి కుర్రాడిని. కొత్త ఆటగాళ్లను జట్లు ఎంచుకునే డ్రాఫ్ట్‌లో ఆయన్ని తీసుకున్నది మిల్వాకీ జట్టు, వెంటనే డాలస్‌కు ఇచ్చేసింది. మొదటి సీజన్‌లో ఆటకు సగటున ఎనిమిది పాయింట్లు. ఇంటికి వెళ్లిపోదామా అనిపించిందట. హోల్గర్ గెష్విండ్నర్ అనే గురువు ఆయన వెంట ఉన్నారు. ఆ గురువు 1972 మ్యూనిక్ ఒలింపిక్స్‌లో పశ్చిమ జర్మనీ తరఫున ఆడినవాడు. బంతి ఏ కోణంలో లేస్తే బుట్టలో పడే అవకాశం ఎక్కువో లెక్కగట్టి నేర్పినవాడు. ఏడడుగుల మనిషి ఒంటికాలి మీద వెనక్కి వాలుతూ వేసే ఆ ‘ఫేడ్‌అవే’ షాట్‌ను ఎవరూ ఆపలేకపోయారంటే, దాని వెనుక ఖాళీ జిమ్ముల్లో గడిచిన ఎన్నో ఏళ్లు ఉన్నాయి.

క్రమశిక్షణ గురించి ఇంకా రెండు పేజీలు రాసుకొచ్చాను. వాటిని పక్కన పెట్టేస్తున్నాను. నాకు చెప్పాలని ఉన్నది వేరు.

2006 ఫైనల్స్. అప్పట్లో నలుగురం ఒకే అపార్ట్‌మెంట్‌లో ఉండేవాళ్లం. మయామీ మీద మొదటి రెండు ఆటలూ మనవే. మూడో ఆటలో ఆరున్నర నిమిషాలే మిగిలాయి, మనకు 13 పాయింట్ల ఆధిక్యం. అదంతా కరిగిపోయింది. ఆఖర్లో 3.4 సెకన్లు ఉండగా డిర్క్‌కు రెండు ఫ్రీ త్రోలు. ఒకటి పడింది, ఒకటి తప్పింది. రెండు పాయింట్ల తేడాతో ఓడిపోయాం. ఆ తర్వాత వరుసగా మరో మూడు ఓడి, కప్పు పోగొట్టుకున్నాం. మా ఇంట్లో ఆ రాత్రి ఎవరూ అన్నం తినలేదు.

మరుసటి ఏడాది 67 విజయాలు. అయినా ప్లేఆఫ్స్‌లో, అంటే కప్పు కోసం జరిగే నాకౌట్ దశలో, మొదటి రౌండ్‌లోనే, ఎనిమిదో స్థానంలో ఉన్న గోల్డెన్ స్టేట్ చేతిలో ఓటమి. ఆ సీజన్‌కు అత్యుత్తమ ఆటగాడి అవార్డు డిర్క్‌దే. ఐరోపా నుంచి వచ్చినవాళ్లలో ఆ అవార్డు అందుకున్న మొదటివాడు. కానీ తన జట్టు ఓడి ఇంటికి వచ్చేశాక అందుకున్నాడు. ఆ ముఖం చూసిన నేను ఇప్పటికీ మర్చిపోలేదు. మెత్తటివాడన్నారు, గెలిపించలేడన్నారు. ఆయన వేరే ఊరు వెతుక్కోలేదు.

2011లో మళ్లీ మయామీనే. వేలికి దెబ్బ తగిలినా, ఒంట్లో జ్వరం ఉన్నా ఆడాడు. ఆఖరి ఆట మొదటి సగంలో 12 షాట్లు వేస్తే పడింది ఒక్కటే. నాలుగో క్వార్టర్‌లో పది పాయింట్లు చేశాడు. గెలిచాం. ఇంకా గంట మోగకముందే కోర్టు వదిలి లోపలికి పరుగెత్తాడు, ఒక్కడే ఏడవడానికి.

మరి క్లబ్ ఏం చేసింది? ఇది ఎవరూ చెప్పరు, అందుకే నేను చెబుతున్నాను. ఆ కప్పు గెలిపించిన జట్టును కొన్ని నెలల్లోనే చెదరగొట్టింది. ఆ గెలుపులో ముఖ్యుడైన టైసన్ చాండ్లర్ వెళ్లిపోయాడు. తర్వాత డిర్క్ ఆడిన ఎనిమిది సీజన్లలో ఒక్క ప్లేఆఫ్ సిరీస్ కూడా గెలవలేదు. ఒక్కటి కూడా! 2014లో లాస్ ఏంజెలెస్, హ్యూస్టన్ ఎంతో ఎక్కువ ఇస్తామన్నా, మూడేళ్లకు రెండున్నర కోట్ల డాలర్లు చాలన్నాడు. అంతకుముందు ఒక్క ఏడాదికే రెండు కోట్ల పైన తీసుకున్న మనిషి. మిగిలిన డబ్బుతో మంచి ఆటగాళ్లను తెచ్చుకోండి అని.

ఇలాంటివాడిని మన తెలుగులో ‘విధేయుడు’ అంటారు. నాకు ఆ మాట నచ్చదు. విధేయత పనివాడు యజమానికి చూపించేది, ఒకవైపు నుంచే నడిచేది. డిర్క్‌ది అది కాదు. ఇది నా ఊరు, నా వాళ్లు అనుకున్నాడు. ఆయన అనుకున్నంతా క్లబ్ కూడా అనుకుందా అన్నదే నా బాధ.

2022 క్రిస్మస్ రోజున అరీనా ముందు విగ్రహం పెట్టారు. ‘ఫేడ్‌అవే’ అంటే వెలిసిపోవడం అని కూడా కదా, ఆయన షాట్ పేరు కలిసొచ్చేలా, నమ్మకంగా అంటిపెట్టుకున్న మనసు ఎన్నటికీ వెలిసిపోదన్న అర్థంలో దాని కింద ఒక మాట చెక్కారు. రెండేళ్లు తిరిగాయి. 2025 ఫిబ్రవరి మొదటి శనివారం, రాత్రి పొద్దుపోయాక వార్త. లూకా డాంచిచ్‌ను లాస్ ఏంజెలెస్‌కు ఇచ్చేశారు. పాతికేళ్లవాడు. వరుసగా ఐదేళ్లు లీగ్‌లోని అత్యుత్తమ ఐదుగురిలో ఉన్నవాడు. అంతకు ముందు ఏడాదే మనల్ని ఫైనల్స్‌కు తీసుకెళ్లినవాడు. డిర్క్ ఆఖరి సీజన్‌లో ఆయన పక్కనే ఆడి, ఆయన్ని చూసి నేర్చుకున్నవాడు. నా కెరీర్ అంతా ఇక్కడే గడుస్తుందనుకున్నాను అని ఆ పిల్లవాడు రాశాడు. ఆ వారం జనం శవపేటిక తెచ్చి ఆ విగ్రహం దగ్గరే పెట్టారు. మీలో కొందరు అక్కడికి వచ్చారు, నేను చూశాను. లూకా లాస్ ఏంజెలెస్‌లో మొదటి ఆట ఆడిన రోజు డిర్క్ అక్కడికి వెళ్లి కూర్చున్నాడు. వెళ్లాడు, అంతే.

నేను పదకొండేళ్లు పనిచేసిన కంపెనీ ఒక పొద్దున నాలుగు నిమిషాల ఫోన్‌లో నన్ను పంపించేసింది. ఈ గదిలో ఆ ఫోన్ అందుకున్నవాళ్లు ఇంకా ఉన్నారు. వ్యాపారం అన్నాక తప్పదంటారు. తప్పకపోవచ్చు. చెప్పే పద్ధతి ఒకటుంటుంది కదా?

2019 ఏప్రిల్‌లో డిర్క్ ఆఖరి ఆట శాన్ ఆంటోనియోలో జరిగింది. ఇరవై ఏళ్లు మనకు బద్ధశత్రువులు వాళ్లు. ఆట మొదలయ్యే ముందు ఆయన మీద ఒక వీడియో వేశారు. ఆ అరీనా అంతా లేచి చప్పట్లు కొట్టింది. ఆయన బెంచ్ దగ్గర కన్నీళ్లు తుడుచుకున్నాడు. పరాయి ఊరి జనానికి తెలిసిన మర్యాద అది.

ఇక్కడ కోచ్‌లు ఇద్దరూ ఉన్నారు కాబట్టి అడుగుతున్నాను. వచ్చే సీజన్‌కు జట్టు ఎంపిక చేస్తారు. కొందరు పిల్లలకు చోటు దొరకదు, అది నాకు తెలుసు, మీకూ కష్టమే. ఈసారి ఆ పేర్లు లేని జాబితాను ఈమెయిల్‌లో పెట్టకండి. చోటు దొరకని పిల్లను, పిల్లవాడిని పిలిచి, ఎదురుగా కూర్చోబెట్టుకుని, మీ నోటితో చెప్పండి. మూడు సీజన్లు మీకోసం పొద్దున్నే లేచి వచ్చినవాళ్లు వాళ్లు.