డొక్కల గుట్టలో ఎర్ర తేలు

నమస్కారం. కోనసీమ తోటల్లో కొబ్బరి డొక్కల గుట్ట కదిపినప్పుడు నల్లని మండ్రగబ్బ బయటపడితే అందరూ వెనక్కి గెంతుతారు. అదే గుట్టలోంచి వేలెడంత ఎర్ర తేలు వస్తే చెప్పుతో నలిపి మళ్లీ పనిలో పడతారు. ఈ భయం తలకిందులుగా ఉందని తేళ్ల వర్గీకరణ స్పష్టంగా చెబుతుంది.

మండ్రగబ్బ స్కార్పియోనిడే కుటుంబానిది. దాని బలమంతా లావుపాటి డెక్కల్లో ఉంటుంది, తోక సన్నం. కుడితే నొప్పి తీవ్రమే కానీ సాధారణంగా ప్రాణం మీదికి రాదు. ఎర్ర తేలు బూథిడే కుటుంబానిది. దీని డెక్కలు సన్నగా, తోక దిట్టంగా ఉంటాయి. చచ్చిన తేలును పుల్లతో వెల్లకిలా తిప్పి భూతద్దంలో చూస్తే, కాళ్ల మొదళ్ల నడుమ చిన్న పలక కనబడుతుంది: బూథిడేలో అది సాధారణంగా త్రికోణం, మండ్రగబ్బలో పంచకోణం. రంగు కంటే నమ్మదగిన గుర్తు ఇదే, ఎందుకంటే ఎర్ర తేళ్లు నారింజ రంగు నుంచి ముదురు గోధుమ రంగు దాకా ఉంటాయి.

ఎర్ర తేలు జాతిని 1798లో డెన్మార్క్ శాస్త్రవేత్త ఫాబ్రీషియస్ స్కార్పియో టామ్యులస్ అని వర్ణించాడు. తరువాత దానిని బూథస్ ప్రజాతిలో (దగ్గరి జాతుల గుంపులో), ఆపైన మీసోబూథస్‌లో చేర్చారు. చివరకు 2007లో చెక్ శాస్త్రవేత్త కోవారిక్ దానిని హొట్టెంటొట్టా ప్రజాతిలోకి మార్చాడు. రష్యన్ శాస్త్రవేత్త బిరుల్యా 1908లో ఏర్పరచిన ఆ ప్రజాతి ఆఫ్రికా నుంచి పశ్చిమాసియా మీదుగా మన దేశం వరకు విస్తరించి ఉంది. వైద్య పత్రికల్లో బూథస్, మీసోబూథస్, హొట్టెంటొట్టా అనే మూడు పేర్లూ కనిపిస్తాయి కనుక, చదివేవారు వాటిని మూడు వేర్వేరు తేళ్లుగా భావించకూడదు.

ఎర్ర తేలు విషం నరాల్లోని సోడియం ద్వారాలను సకాలంలో మూసుకోనివ్వదు. దాంతో అడ్రినలిన్ వంటి రసాయనాలు రక్తంలోకి వెల్లువెత్తి, చెమటలు, వాంతులు, చల్లబడిన చేతులూ కాళ్లూ, ఆపైన ఊపిరితిత్తుల్లో నీరు చేరడం వరకు వస్తుంది. పిల్లలకు ముప్పు మరీ ఎక్కువ. మహారాష్ట్రలోని మహాడ్‌లో పనిచేసిన డాక్టర్ హిమ్మత్‌రావ్ బావస్కర్ 1980లలో, రక్తపోటుకు వాడే ప్రాజోసిన్ మాత్ర ఈ దశలో ప్రాణం నిలబెడుతుందని చూపారు. గ్రామీణ వైద్యుడొకరు ఇంత పని చేయడం నాకు ఎంతో గౌరవం కలిగించే విషయం.

కాబట్టి లంక గ్రామాల్లో పసిబిడ్డను ఎర్ర తేలు కుడితే, మంత్రం వేయించడానికి ఆగకుండా వెంటనే పంటు దాటించి ఆసుపత్రికి తీసుకువెళ్లండి. ఏ రంగు తేలు, ఎప్పుడు కుట్టింది, చెమట ఎప్పుడు మొదలైంది అనే మూడు సంగతులూ వైద్యునికి చెప్పండి.