పీడకల నిజమైన రాక్షసుడు

శ్రోతలకు నమస్కారం.

ఒక రాక్షసుడికి పీడకల వచ్చింది. కలలో అతను పూలు విరగబూసిన మైదానంలో ఉన్నాడు. పక్షులు పాడుతున్నాయి, పిల్లలు గంతులేస్తున్నారు. అంతవరకైతే ఓర్చుకునేవాడేమో. ఆ పిల్లల్లో కొందరు దగ్గరికి వచ్చి అతణ్ణి కావలించుకున్నారు, ముద్దులు పెట్టారు. ఏం చేసినా మానరు, ఎంత విదిలించినా వదలరు. బెదిరిపోయి లేచి, పసిపిల్లాడిలా గొణుక్కుంటూ, ఇది వట్టి కలే అని తనకు తానే ధైర్యం చెప్పుకున్నాడు.

ఆ రాక్షసుడి పేరు ష్రెక్. మీలో చాలామందికి అతను సినిమా ద్వారానే తెలిసి ఉంటాడు. పచ్చటి ఒళ్ళు, బూరల్లాంటి చెవులు, పక్కన వసపిట్టలా వాగే గాడిద. నేను చెప్పిన కల మాత్రం ఆ సినిమాలోది కాదు. సినిమా 2001లో వచ్చింది. కల 1990లో అచ్చయిన ఒక చిన్న బొమ్మల పుస్తకంలోది. దాన్ని రాసి, బొమ్మలు కూడా వేసినవాడు విలియమ్ స్టైగ్. ఆ పుస్తకం వచ్చేనాటికి ఆయన వయసు 80 దాటింది.

రాక్షసుడు అంటున్నాను కానీ ఆ మాట ఇక్కడ సరిగ్గా అతకదు. మన రాక్షసులు తపస్సు చేస్తారు, వరాలు పొందుతారు, దేవతలను గడగడలాడిస్తారు. వాళ్ళకు వంశాలున్నాయి, రాజ్యాలున్నాయి. యూరప్ జానపద కథల్లో ఓగర్ అనేవాడికి ఇవేవీ ఉండవు. భారీ శరీరం, మురికి, మనుషులను తినే ఆకలి, అంతంతమాత్రం తెలివి. అతనికి చదువూ లేదు, వంశగౌరవమూ లేదు. ఇంకో మాట దొరకక రాక్షసుడనే అంటాను, మీరు సర్దుకోండి.

స్టైగ్ 1907లో న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో పుట్టాడు. తల్లిదండ్రులు తూర్పు యూరప్ నుంచి వలస వచ్చిన యూదులు. తండ్రి ఇళ్ళకు రంగులు వేసేవాడు, తల్లి బట్టలు కుట్టేది. ఆర్థిక మాంద్యంలో ఇంటి భారం మీద పడితే, 1930 నుంచి న్యూయార్కర్ పత్రికకు కార్టూన్లు గీయడం మొదలుపెట్టాడు. దశాబ్దాల పాటు ఆ పత్రికకు 1,600 పైచిలుకు బొమ్మలు ఇచ్చాడు. బతుకు తెరువు కోసం వ్యాపార ప్రకటనలకూ గీశాడు. ఆ పని ఆయనకు గిట్టేది కాదు. తోటి కార్టూనిస్టు ఒకరు పిల్లల పుస్తకాల సంస్థ పెట్టి నువ్వూ రాయమని అడిగితే, 60 ఏళ్ళ వయసులో అటు తిరిగాడు. పిల్లల పుస్తకాల పుణ్యమా అని ప్రకటనల నుంచి బయటపడ్డాడు. ఈ విషయం గుర్తుంచుకోండి, మళ్ళీ దీని దగ్గరికే వస్తాను.

రెండేళ్ళు తిరగకుండానే, బండరాయిగా మారిపోయిన ఒక గాడిదపిల్ల కథకు 1970లో కాల్డెకాట్ పతకం వచ్చింది. అమెరికాలో బొమ్మల పుస్తకాలకు అంతకు మించిన గౌరవం లేదు. అందులో పోలీసులను పందులుగా గీశాడని పోలీసు సంఘాలు గొడవ చేశాయి, కొన్ని గ్రంథాలయాలు ఆ పుస్తకాన్ని పక్కన పెట్టాయి కూడా. పాఠకులు మాత్రం దాన్ని వదల్లేదు.

ఇక ష్రెక్. తూర్పు యూరప్ యూదుల భాష యిడ్డిష్‌లో ఆ మాటకు భయం, హడలు అని అర్థం. జర్మన్‌లోనూ అంతే. తల్లి వికారం, తండ్రి వికారం, ఇద్దరినీ కలిపినా బిడ్డ వికారానికి సాటిరాదు. కథ అక్కడే మొదలవుతుంది. తప్పటడుగుల వయసులోనే 99 గజాల దూరం మంటలు ఉమ్ముతాడు, చెవుల్లోంచి పొగ వదులుతాడు. అతణ్ణి కరిచిన పాము అక్కడికక్కడే గిలగిలా కొట్టుకుని చస్తుంది. బిడ్డ పెద్దవాడయ్యాడు, ఇక లోకంలోకి వెళ్ళి తన వంతు కీడు చేయాలి కదా అని తల్లిదండ్రులు ఒక తన్ను తన్ని సాగనంపుతారు. ఆ ఇంట్లో దీవెన అంటే అదే.

దారిలో ఒక మంత్రగత్తె జోస్యం చెబుతుంది. నీకంటే వికారమైన రాకుమారిని పెళ్ళాడతావంటుంది. ఆ తర్వాత ఒక రైతు ఎదురవుతాడు. ఇంగ్లీషులో రైతు అంటే పెజంట్, అతని సంచిలో ఉన్న పక్షి ఫెజంట్, కానుక అంటే ప్రెజెంట్. ఈ మూడు మాటలనూ ఒకే ఊపులో దొర్లించి ష్రెక్ ఆ రైతు భోజనం కాజేస్తాడు. ఆ చోటును తెలుగులో పెడదామని నేను ఒక సాయంత్రమంతా కూర్చున్నాను. కోడి, కూడు, కూలి, కానుక అంటూ ఎన్ని మాటలు తిప్పినా ఆ దొర్లుడు రాలేదు. మనకు అనుప్రాసలు కొత్త కావు, అయినా ఓడిపోయాను.

నాకు అన్నిటికంటే నచ్చిన పేజీ ఆ రాకుమారి ఉండే కోట లోపలిది. ష్రెక్ అద్దాల గదిలోకి అడుగుపెడతాడు. చుట్టూ వందల కొద్దీ భయంకరమైన ఆకారాలు. పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి అతనికి భయం వేస్తుంది. పేరే భయమైనవాడికి భయం! ఆ ఆకారాల మీదికి లంఘించబోయి, అన్నీ తన ప్రతిబింబాలేనని గ్రహిస్తాడు. ఇలాంటి చోట మామూలు కథల్లో పాత్ర ఏం చేస్తుంది? అయ్యో, నేనింత వికారంగా ఉన్నానా అని కుమిలిపోతుంది. ఎవరో వచ్చి, మనసు ముఖ్యం బాబూ అని ఓదారుస్తారు. ష్రెక్ అలాంటివాడు కాదు. తనను తాను తేరిపార చూసుకుని, తాను తనలాగే ఉన్నందుకు మునుపటికంటే ఎక్కువ సంబరపడతాడు. దిద్దుకోడు, మారడు. అసలు మారాలన్న ఆలోచనే రాదు.

సినిమా దారి వేరు. అందులో ష్రెక్ ఒంటరివాడు, పైకి గరుకు, లోపల మెత్తన. రాకుమారికి ఒక శాపం ఉంది, పేరుంది, పగలు అందమైన రూపముంది. పుస్తకంలో ఆమెకు పేరు కూడా లేదు, మొదటి నుంచీ వికారంగానే ఉంటుంది. ఇద్దరూ ఒకరి పులిపిర్లను ఒకరు పద్యాల్లో పొగుడుకుంటారు. సినిమా బాగుంది, కాదనను. 2002లో యానిమేషన్ చిత్రానికి తొలిసారి ఆస్కార్ ఇచ్చినప్పుడు అది దానికే దక్కింది. అయితే మనసు ముఖ్యం అనే ఆ ఓదార్పు సినిమాలో ఉంది, పుస్తకంలో లేదు. నా ఓటు పుస్తకానికే.

సినిమా మొదట్లోనే ఒక దృశ్యముంది. ష్రెక్ మరుగుదొడ్డిలో కూర్చుని అద్భుత కథల పుస్తకం చదువుతూ, ఒక పేజీ చింపి తన అవసరానికి వాడుకుంటాడు. పుస్తకాన్ని అలా వాడిన పాత్ర మీద ఆ తర్వాత ఎన్ని పుస్తకాలు వచ్చాయని! సినిమా కథను కుదించిన బొమ్మల పుస్తకాలు, అప్పుడే చదవడం నేర్చుకునేవారి కోసం పొట్టి వాక్యాల పుస్తకాలు, రంగులు వేసేవి, స్టిక్కర్లు అంటించేవి, జోకులవి, కామిక్స్. ప్రచురణ రంగంలో వీటిని టై-ఇన్ పుస్తకాలంటారు. సినిమా విడుదలయ్యే రోజుకు దుకాణంలో ఉండాలి కాబట్టి రచయిత సాధారణంగా పూర్తయిన సినిమా చూడకుండానే, స్క్రిప్టు చేతిలో పెట్టుకుని రాస్తాడు. అందుకే ఒక్కోసారి తెరమీద లేని మాట పుస్తకంలో కనిపిస్తుంది. గంటన్నర కథను రెండు డజన్ల పేజీల్లో కుక్కాలి. ముందు ఎగిరిపోయేది హాస్యమే.

ఇవన్నీ చెత్త అని కొట్టిపారేయడం తేలిక. నేనూ ఒకప్పుడు ఆ మాటే అనేవాణ్ణి. ఒక అయిదేళ్ళ పిల్ల అలాంటి పుస్తకం పట్టుకుని కూర్చోవడం చూశాక నోరు మూసుకున్నాను. సగం అక్షరాలే వచ్చు. కానీ కథ ముందే తెలుసు కాబట్టి, గాడిద బొమ్మ రాగానే ఏం మాట రావాలో ఊహించి, ఆ మాట కింద వేలు పెట్టి, అక్షరాలతో సరిచూసుకుంటోంది. వేలు ఒక చోట ఆగింది. తాను అనుకున్న మాటకూ అక్కడున్న మాటకూ పొత్తు కుదరలేదు. మళ్ళీ మొదటి అక్షరం నుంచి కూడబలుక్కుంది. చదవడం అంటే అదే కదా. స్టైగ్ పుస్తకంలోని పెడసరపు మాటలతో ఆ పిల్ల అలా కుస్తీ పట్టగలిగేది కాదు. ఆ మాటలు ఎవరైనా చదివి వినిపించాలి.

పుస్తకాలతో ఆగితే బాగుండేది. చిరుతిళ్ళ మీద, మిఠాయిల మీద, పొద్దుటి ఫలాహారాల డబ్బాల మీద ష్రెక్ ముఖం వచ్చింది. 2007లో అమెరికా ఆరోగ్యశాఖ పిల్లల్లో ఊబకాయం తగ్గించడానికి ఆడుకోండి, పరుగెత్తండి అంటూ ఇదే ష్రెక్‌తో ప్రచారం చేయించింది. ఒక చేత్తో మిఠాయి ఇచ్చి, ఇంకో చేత్తో వ్యాయామం చూపించే ఈ దూతను తీసేయండని పిల్లల తరఫు సంఘాలు అడిగాయి. 2010లో నాలుగో సినిమా సమయంలో మెక్‌డొనాల్డ్స్ అమ్మిన ష్రెక్ గాజు గ్లాసులపై బొమ్మల రంగులో కాడ్మియం అనే విషపు లోహం ఉందని తేలి, దాదాపు 1.2 కోట్ల గ్లాసులను వెనక్కి పిలిచారు. ప్రకటనల పని నుంచి తప్పించుకోవాలని పిల్లల పుస్తకాల్లోకి వచ్చిన మనిషి సృష్టించిన పాత్ర సంగతి ఇది. స్టైగ్ 2003లో కన్నుమూశాడు, ఇవి రెండూ చూడలేదు.

అన్నట్టు, ష్రెక్ బొమ్మల్లో దూది కూరినవి కూడా ఉన్నాయి. రాత్రిపూట పిల్లలు వాటిని వాటేసుకుని పడుకుంటారు.

మీ ఇంట్లో సినిమా ష్రెక్ ఉంటే ఉండనివ్వండి. వీలైతే స్టైగ్ పుస్తకం కూడా తెచ్చి ఒక రాత్రి బిగ్గరగా చదవండి. రైతు దగ్గర తడబడతారు, తడబడండి. చివరి వాక్యం దగ్గర మాత్రం తొందరపడకండి. కలకాలం సుఖంగా ఉన్నారని పిల్లలు ఎదురుచూస్తారు. స్టైగ్ ఒక్క మాట మార్చాడు. సుఖంగా అనే చోట ఘోరంగా అన్నాడు. ఆ మాటకు ముందు ఒక్క క్షణం ఆగి, గొంతు తగ్గించి చదవండి.

నమస్కారం.